‘అది పాఠంలో లేదు నాన్నా’

“మాష్టారూ, మాది ఇందుకూరుపేట వైపు ఒక పల్లె. రొయ్యల చెరువు చూసుకుంటాను. నా చదువు పదో తరగతితో సరి. మా అమ్మాయి ఎనిమిది చదువుతోంది. పోయినేడు రెండో పంట తర్వాత టౌన్లో బడి మాన్పించి ఊళ్ళో హైస్కూల్లో వేశాను. చదవమంటే గడగడా చదువుతుంది, ఒక్క అక్షరం తప్పు పోదు. పాఠంలో ఉన్న ప్రశ్న అడిగితే ఠక్కున చెబుతుంది. ‘ఆ ముసలాయన ఎందుకట్టా చేశాడమ్మా’ అంటే మాత్రం ‘అది పాఠంలో లేదు నాన్నా’ అంటుంది. వాళ్ళ తెలుగు టీచరమ్మ కూడా ఇదే చెప్పింది, చదువుతుంది గానీ లోపలి మాట పట్టుకోలేకపోతోందని. ఇంట్లో చూస్తే అట్టా అనిపించదు. శుక్రవారం వాళ్ళమ్మ ఫోన్ చేస్తే, ‘హలో’ అన్న తీరులోనే ఒంట్లో బాగాలేదని కనిపెట్టేస్తుంది. మరి పుస్తకం దగ్గర ఎందుకు చేతకాదు? తెలివి తక్కువా? ట్యూషన్ పెట్టించమంటారా? రోజూ రాత్రి చెరువు కాడికి పోయేముందు అరగంట నేను దాని దగ్గర కూర్చోగలను. ఏం చెయ్యమంటారో రాయండి.”

ముందు ట్యూషన్ సంగతి తేల్చేద్దాం. ఇప్పుడే వద్దు. అక్కడా అవే ప్రశ్నలు, అవే జవాబులు ఇంకో రెండుసార్లు చదివిస్తారు. మీ అమ్మాయికి పట్టిన ఇబ్బందే అది. ఇక తెలివి గురించి మీరు టెన్షన్ పడక్కర్లేదు. ఒక్క ‘హలో’లో తల్లి ఒంట్లో బాగాలేదని పట్టుకునే పిల్లకి తెలివి తక్కువని ఎవరంటారు?

మీ ఉత్తరం మూడుసార్లు చదివాను. మీరు రాయని సంగతులు కొన్ని నాకు తెలిశాయి.

వాళ్ళమ్మ ఇప్పుడు మీ ఇంట్లో లేరు. మీరు ఆ మాట ఎక్కడా రాయలేదు, శుక్రవారం ఫోన్ చేస్తుందన్నారు, అంతే. ఒకే కప్పు కింద ఉన్నవాళ్ళు వారానికోసారి ఫోన్లో మాట్లాడుకోరు కదా. రెండోది, పోయినేడు మీ రెండో పంట దెబ్బతింది. మీరు రాసింది ‘రెండో పంట తర్వాత టౌన్లో బడి మాన్పించాను’ అని. ‘తర్వాత’ అన్నారు, ‘అందువల్ల’ అనలేదు. ఆ తర్వాతని అందువల్లగా చదువుకున్నది నేను. పంట బాగా వచ్చినవాళ్ళు పిల్లని ఉన్న బడి మాన్పించరు, ఇంకాస్త పెద్ద ఫీజున్న బడి వెతుకుతారు. మూడోది, వాళ్ళమ్మ గల్ఫ్‌లో ఉన్నారు, కువైట్ కావచ్చు. అక్కడ వారపు సెలవు శుక్రవారం. మన వైపు నుంచి అక్కడికి పనికి వెళ్ళినవాళ్ళ ఇళ్ళలో ఆ రోజు ఫోను పక్కనే పెట్టుకుని కూర్చోవడం నేను చూశాను.

ఈ మూడూ ఒక్క బరువువి కావు. మొదటిది అయ్యే తీరాలి, కాకపోతే మీ వాక్యమే నిలబడదు. రెండోది అయ్యుంటుంది. ఊళ్ళో బడే బాగుందని మార్చారేమో, ఆ సందు కాస్త ఉంది. మూడోది ఊరికే కావచ్చు. మీ ఇంటావిడ హైదరాబాద్‌లో ఉండి, శుక్రవారం పూజ చేసుకుని తీరిగ్గా ఫోన్ చేస్తున్నారేమో. నా ఊహ తప్పయితే మన్నించండి. పేరూ ఊరూ వెయ్యడం లేదు కాబట్టి ఇంత చొరవ తీసుకున్నాను.

మీ ఉత్తరంతో నేను చేసిన ఈ పనే మీ అమ్మాయి పాఠంతో చెయ్యాలి. రాసేవాళ్ళెప్పుడూ సగమే రాస్తారు. దాపరికం ఉండి కాదు. అంతా రాస్తే చదవలేక చస్తాం. ‘అన్నం తిని చెయ్యి కడుక్కున్నాడు’ అని రాసినవాడు కుళాయి తిప్పాడనీ, నీళ్ళొచ్చాయనీ, కుళాయి మళ్ళీ కట్టేశాడనీ రాయడు. చదివేవాడికి ఆమాత్రం తెలుసులే అని వదిలేస్తాడు. వదిలిన ఆ ఖాళీలని మన దగ్గరున్న తెలివిడితో పూడ్చుకుంటూ పోవడమే చదవడం. మీకూ నాకూ అది జరుగుతున్నట్టు కూడా తెలియదు. మేత కంపెనీవాళ్ళు ‘పాత ధర ఈ నెలాఖరు వరకే’ అని మెసేజ్ పెడితే, ఒకటో తారీఖు నుంచి రేటు పెరుగుతుందని ఎవరైనా మీకు విడమరిచి చెప్పాలా?

మరి అమ్మాయి ఎందుకు పూడ్చుకోవడం లేదు? నాకు తోచిన కారణం చెబుతాను. దానికి ముందు కింది రెండు వాక్యాలు ఆమె చేత చదివించండి.

‘గిబ్బయ్య తొర్రం మీద మూడు పిప్పలను డొంకించాడు. అందుకు తింగిలమ్మ చాలా సింకిలించింది.’

ఇప్పుడు అడగండి. గిబ్బయ్య ఎన్ని పిప్పలను డొంకించాడు? మూడు. ఎక్కడ? తొర్రం మీద. సింకిలించింది ఎవరు? తింగిలమ్మ. ఎందుకు? గిబ్బయ్య పిప్పలను డొంకించినందుకు. నాలుక్కి నాలుగు మార్కులు! పిప్పలంటే ఏమిటో, తింగిలమ్మకి వచ్చింది కోపమో సంతోషమో రాసిన నాకే తెలియదు. మన విభక్తుల పుణ్యమా అని ఏది ఎవరికి అతుక్కుంటుందో తెలిసిపోతుంది, జవాబు రాసేయొచ్చు. మన పిల్లలు ఏళ్ళ తరబడి చేస్తున్నది ఇదే. ప్రశ్నలో ఉన్న మాట పాఠంలో ఎక్కడుందో వెతకడం, అక్కణ్ణించి ఫుల్‌స్టాప్ దాకా ఎత్తి రాయడం. గైడు చేయించేది అదే, క్వశ్చన్ బ్యాంక్ చేయించేదీ అదే. ఈ పాపంలో నాకూ వాటా ఉంది. కనిగిరి వైపు ఒక బడిలో పనిచేసే రోజుల్లో, పదో తరగతి ఫలితాలు తగ్గకూడదని పై నుంచి ఒత్తిడి వస్తే, అపరిచిత గద్యానికి నేనే ఈ కిటుకు నేర్పాను. పిల్లలు పాసయ్యారు. కథ ఇస్తే మాత్రం బిక్కమొహాలు వేశారు.

అంచేత ‘అది పాఠంలో లేదు నాన్నా’ అన్నప్పుడు మీ అమ్మాయి అబద్ధం చెప్పడం లేదు. వెతకమన్నారు, వెతికింది, దొరకలేదు. నింపుకోమని ఇంతవరకూ ఎవరూ చెప్పలేదు. చెప్పకపోగా, సొంతమాట రాస్తే ఎర్రగీత పడుతుందని కూడా నేర్చుకుని ఉంటుంది.

ఇంట్లో చేసేది పుస్తకం దగ్గర చెయ్యలేకపోవడానికి ఇంకో కారణం ఉంది. నాయనమ్మ ‘ఈ ఇంట్లో మనుషులు లేకపోయినా ఫ్యాన్లు తిరుగుతాయి’ అంటే పిల్ల లేచి వెళ్ళి స్విచ్ కట్టేస్తుంది. కట్టెయ్యమని ఆవిడ అనలేదు. కానీ ఆ గొంతు ఉంది, చూపు ఉంది, ఎదురుగా తిరుగుతున్న ఫ్యానుంది. పుస్తకంలో గొంతుండదు. గొంతు చేసే పనంతా చిన్న చిన్న మాటలు చెయ్యాలి. ‘వాడు కూడా పాసయ్యాడు’ అన్నప్పుడు ఆ ‘కూడా’లో ఉంది వెటకారం. ‘తీరా వెళ్తే తలుపు తాళం వేసుంది’లో ఆ ‘తీరా’ తీసేసి చూడండి, మనిషి పడ్డ శ్రమంతా ఎగిరిపోతుంది. ‘బాగానే ఉన్నాడట’ అంటే ఆ ‘ట’ వల్ల చెప్పేవాడు కళ్ళారా చూడలేదని తేలిపోతుంది. ఆపైన మన తెలుగులో ఎవరు చేశారో చాలాసార్లు చెప్పనే చెప్పం. ‘వచ్చింది, చూసింది, వెళ్ళిపోయింది’ అంటాం. ఎవరు అన్నది వెనక వాక్యంలోంచి చదివేవాళ్ళే తెచ్చుకోవాలి. గడగడా చదివే పిల్లలు సరిగ్గా ఇలాంటి మాటల మీద నుంచే జారిపోతారు. పైకి గట్టిగా చదివేటప్పుడు ధ్యాస ఉచ్చారణ మీదికి పోయి, అర్థానికి తక్కువ మిగలొచ్చు.

ఇలాంటి పిల్లలు మన దగ్గరే ఉన్నారనుకోకండి. ఇంగ్లండులో జేన్ ఓక్‌హిల్, కేట్ కెయిన్ అనే ఇద్దరు పరిశోధకురాళ్ళు, అక్షరం తప్పు పోకుండా చదివి అర్థం దగ్గర ఆగిపోయే పిల్లల మీద ఏళ్ళ తరబడి పనిచేశారు. వయసుకి తగ్గట్టు మాటలు చదవగలిగినా, రాయని సంగతి పట్టుకోమంటే ఆ పిల్లలు వెనకపడేవారు. 1999లో వాళ్ళు అచ్చువేసిన ఒక పరిశీలనలో నాకు బాగా నచ్చిన విషయం ఒకటుంది. జవాబుకి కావలసిన ఆనవాలు పాఠంలో ఎక్కడుందో వేలు పెట్టి చూపిస్తే, పాఠంలోని రెండు సంగతులు కలుపుకుంటే తెలిసే ప్రశ్నలకి ఆ పిల్లలూ జవాబు చెప్పగలిగారు. అంటే కలపడం వచ్చు, ఎప్పుడు, ఎక్కడ ఆగి కలపాలో తెలియడం లేదు. మీ అరగంటకి ఇదే పని.

అయితే పాఠంలో వేలుపెట్టి చూపించలేనివి కూడా ఉంటాయి. ఇది చదవండి.

‘పొద్దున చెక్ ట్రే పైకి తీస్తే మేత వేసింది వేసినట్టే ఉంది. శీనయ్యకి నోట మాట రాలేదు. నాలుగు రొయ్యలు కవర్లో వేసుకుని బండెక్కాడు. మధ్యాహ్నం నుంచీ ఫోను మీద ఫోను. పొద్దుగూకే వేళకి గట్టు మీద ఐసు లారీ ఆగింది.’

మీకు గుండె ఝల్లుమని ఉంటుంది. చెరువులో దింపిన ఆ పళ్ళెంలో మేత తినలేదంటే రొయ్యకి బాగాలేదు. కవర్లో వేసుకుని పోయింది ల్యాబ్‌కి. ఫోన్లు కొనేవాళ్ళకి. ఐసు లారీ వచ్చిందంటే కౌంటు (కిలోకి ఎన్ని తూగుతాయన్న లెక్క) రాకుండానే పట్టేస్తున్నారు, వైట్ స్పాట్ జబ్బు అయ్యుండొచ్చు, ఎంతొస్తే అంత. జబ్బు అన్న మాట గానీ, నష్టం అన్న మాట గానీ అందులో లేవు. ఇదే నేను మా ఒంగోల్లో ఒక పండితుడికి చూపించాను. వ్యాకరణంలో ఆయన ముందు నేను నిలబడలేను. చదివి, ‘బాగుందండీ, ఇంతకీ ఐసు ఎందుకు, ఇంట్లో పెళ్ళా?’ అన్నారు. ఆయన్ని చూసి నవ్వొద్దు, కొత్తపట్నం దగ్గర మా బావమరిది రెండెకరాల్లో చెరువు వేసి చేతులు కాల్చుకోకపోయి ఉంటే నేనూ ఆ మాటే అనేవాణ్ణి.

ఆ పండితుడి కంటే మీ అమ్మాయి ఈ అయిదు వాక్యాలు బాగా చదువుతుంది. ఎందుకంటే ఆమెకి చెరువు తెలుసు. అమెరికాలో రెక్ట్, లెస్లీ అనే ఇద్దరు 1988లో ఇలాంటిదే 64 మంది బడిపిల్లలతో చేసి చూశారు. అందరూ ఏడు, ఎనిమిది తరగతుల వాళ్ళు. చదివించింది బేస్‌బాల్ ఆట గురించి. చదువులో వెనకబడ్డ పిల్లలైనా ఆట బాగా తెలిసినవాళ్ళు, చదువులో ముందుండి ఆట తెలియనివాళ్ళ కంటే ఆ పాఠాన్ని బాగా పట్టుకున్నారు. మనకి బేస్‌బాల్ ఎందుకు, నెల్లూరులో రొట్టెల పండుగ ఉంది. ‘పోయినేడు స్వర్ణాల చెరువులో సంతానం రొట్టె పట్టుకుంది. ఈసారి రొట్టె ఇవ్వడానికి వచ్చింది’ అని రాస్తే నెల్లూరు పిల్లలకి మూడో వాక్యం అక్కర్లేదు, బిడ్డ పుట్టిందన్నమాట. కోరిక ఉన్నవాళ్ళు రొట్టె తీసుకుంటారనీ, తీరినవాళ్ళు మళ్ళీ వచ్చి ఇస్తారనీ తెలియని శ్రీకాకుళం పిల్లవాడికి అదేదో తిండి గురించిన కథలా ఉంటుంది. పిల్ల ఒక పాఠం దగ్గర తెల్లమొహం వేసిందంటే, ముందు ఆ పాఠం ఏ లోకానిదో చూడండి. రైలు ప్రయాణమా, కోర్టా, మంచు కొండలా? ఆ లోకం గురించి అయిదు నిమిషాలు కబుర్లు చెప్పి తర్వాత చదివించండి. ఒక్కోసారి దానితోనే సగం పనైపోతుంది.

ఇక రాత్రి అరగంట. అందులో పదే పది నిమిషాలు ప్రశ్నలకి. మిగతా ఇరవై ఆమెకి నచ్చింది ఏదైనా నోరు మెదపకుండా చదువుకోనివ్వండి, మీరూ పక్కన పేపర్ చదువుకోండి. వాక్యానికో ప్రశ్న వేస్తే ఎవరికైనా పుస్తకమంటే విసుగొస్తుంది. నేను పాడు చేసిన కథలు అలాంటివి చాలా ఉన్నాయి.

ప్రశ్న చివర్లో వెయ్యకండి. చదువుతుండగా మధ్యలో, ఖాళీ ఉన్నచోట ఆపండి. ‘ఏం అర్థమైంది?’ అని అడక్కండి, దానికి పిల్లలు పాఠం తిరిగి అప్పజెబుతారు. ఒక్క ప్రశ్న చాలు: ‘ఎట్టా తెలిసింది?’ ఎలా వాడాలో నాలుగు వాక్యాలతో చూపిస్తాను, మొదటిరోజు దీంతోనే మొదలుపెట్టుకోవచ్చు.

‘పెంచలమ్మ గుమ్మం దగ్గర చెప్పులు చూసి ఆగింది. కొంగు సర్దుకుని, పెరటి వైపు నుంచి వంటింట్లోకి వెళ్ళింది. గిన్నెలోకి తొంగిచూసి, చిన్నదాన్ని పక్కింటికి తరిమింది. ఎంతసేపయింది వచ్చి, ఫోనన్నా చెయ్యకపోయారా, అంది లోపలినుంచే.’

ఇంటికి ఎవరో వచ్చారని అమ్మాయి చెబుతుంది. ఎట్టా తెలిసింది? చెప్పులు. చెప్పులు ఎవరింటి ముందైనా ఉంటాయి కదా? ఉంటాయి గానీ, ఇంట్లోవాళ్ళ చెప్పులైతే చూసి ఆగదు. ఇదీ జవాబు. ‘ఆగింది’ అన్న మాట మీద వేలు పెట్టించండి. తర్వాత, వచ్చింది ఎలాంటివాళ్ళు? కొంగు సర్దుకుంది, ముందు గుమ్మంలోంచి పోలేదు. కాబట్టి మర్యాద ఇవ్వాల్సినవాళ్ళు, బహుశా మగవాళ్ళు. గిన్నెలో ఏముండాలి? పాలు. పాలన్న మాట ఎక్కడా లేదు చూడండి. కాఫీ అన్న మాటా లేదు. కానీ వచ్చినవాళ్ళకి కాఫీ ఇవ్వాలి, గిన్నె చూస్తే పాలు లేవు, అందుకే పక్కింటికి పంపింది. ఈ మూడూ కలిపితేనే ఆ వాక్యం నిలబడుతుంది. ‘చిన్నదాన్ని’ అంది కాబట్టి ఇంట్లో ఇంకో పెద్ద పిల్ల ఉంది, లేదా అత్తగారింట్లో ఉంది. చివరికి ‘చెయ్యకపోయారా’ చూడండి. ‘రు’లో గౌరవం ఉంది, మాటలో చనువూ ఉంది. కొత్తవాళ్ళని ఎవరూ అలా నిష్ఠూరమాడరు.

ఇక్కడికి వచ్చేసరికి పిల్లలు ‘అల్లుడు!’ అంటారు. నేను క్లాసులో ఇలాంటివి చెప్పినప్పుడు సగం మంది అల్లుడని, కొందరు బావగారని, కొందరు వియ్యంకుడని అనేవారు. ఒక పిల్లవాడు మాత్రం లేచి, ‘అప్పులాయన సార్’ అన్నాడు. అందరూ నవ్వారు. ఎట్టా తెలిసిందిరా అంటే, ‘మా ఇంటికి ఆయనొచ్చినప్పుడే మా అమ్మ పెరటి తలుపులోంచి వస్తుంది, ఆయనకి కాఫీ కూడా ఇస్తుంది’ అన్నాడు. నవ్వినవాళ్ళని నేనే ఊరుకోమన్నాను. వాడి జవాబుకి ఆధారం ఉంది, కాకపోతే ఆధారం పాఠంలో తక్కువ, వాడి ఇంట్లో ఎక్కువ. ఫోన్ చెయ్యలేదని అప్పులాయన్ని ఎవరైనా నిష్ఠూరమాడతారా అని అడిగాను. వాడు కాసేపు ఆలోచించి, ‘ఆడరు సార్’ అని తనే కొట్టేసుకున్నాడు. తప్పు చెప్పడం కంటే, చెప్పింది మళ్ళీ పాఠం దగ్గరికి తీసుకుపోయి సరిచూసుకోవడం రాకపోవడమే అసలు చిక్కు.

ఎందుకంటే నింపుకోవడం నేర్పిస్తే కొందరు పిల్లలు పొంగిపోయి సొంత సినిమా తీసేస్తారు. మన మీమాంసకులు దీనికో పాత ఉదాహరణ చెబుతారు. ‘లావుగా ఉన్న దేవదత్తుడు పగలు తినడు.’ ఏం తెలిసింది? రాత్రి తింటాడు. అలా అనుకోకపోతే లావూ, పగలు తినకపోవడమూ రెండూ కలవవు. దీన్ని వాళ్ళు అర్థాపత్తి అన్నారు, అనుమానం (అంటే ఇక్కడ సందేహం కాదు, ఆనవాలు చూసి తేల్చుకోవడం) కంటే వేరే ప్రమాణంగా, అంటే తెలుసుకునే వేరే దారిగా లెక్కపెట్టారు. నేనిది తొమ్మిదో తరగతిలో చెబితే వెనక బెంచీలోంచి ‘థైరాయిడ్ సార్’ అని వినబడింది! ఈ కాలం పిల్లలు. నిజమే, థైరాయిడ్ ఉండొచ్చు, మొక్కు ఉండొచ్చు, అతనిది నైట్ డ్యూటీ అయ్యుండొచ్చు. కానీ థైరాయిడ్ వచ్చినా మనిషి ఎప్పుడో ఒకప్పుడు తినాలి, పగలు తినడన్నారు కాబట్టి అది రాత్రే. మీ అమ్మాయి ఏదైనా చెప్పినప్పుడు మన మొదటి మూడు మాటల్లో ఎందులోకి వస్తుందో ఆమెనే తేల్చమనండి: అయ్యే తీరాలా, అయ్యుంటుందా, కావచ్చా. కావచ్చు అన్నదాన్ని కొట్టెయ్యకండి, తర్వాతి పేజీ దాకా దాచిపెట్టమనండి. కథలు చదవడంలో సరదా అంతా ఆ దాచిపెట్టుకోవడంలోనే ఉంది.

మొదట్లో ఆమె నోరు విప్పకపోతే మీరే పైకి ఆలోచించండి. ‘చెప్పులు చూసి ఆగిందంట, ఎవరబ్బా వచ్చింది, చుట్టాలేమో’ అని మీలో మీరు అనుకుంటున్నట్టు. తప్పు కూడా చెప్పండి. నాన్న తప్పు దిద్దడమంటే పిలకాయలకి మహా హుషారు. పుస్తకమే తియ్యబుద్ధికాని రోజు పొడుపు కథలు ఉండనే ఉన్నాయి. ‘పొట్టలో వేలు, నెత్తిన రాయి’ అంటే ఉంగరం అని చెప్పేటప్పుడు ఆమె చేసేదీ ఇదే పని, రెండు ఆనవాళ్ళు కలిపి మూడోది పట్టుకోవడం.

రెండు సంగతులు మాత్రం గమనించండి. పేజీకి అయిదారు మాటలు తెలియనివి తగులుతుంటే లోపలి మాట దాకా పోనవసరం లేదు, ముందు పైమాటే అందడం లేదు. అలాంటప్పుడు కిందితరగతి పుస్తకమో, చిన్న కథో ఇవ్వండి. ఇంకోటి, సైన్సు, సోషల్ ఆమె ఇంగ్లిష్‌లో చదువుతుంటే ఆ చిక్కు వేరు. బళ్ళో ఇచ్చిన పుస్తకంలో ఒక పేజీ తెలుగు, ఎదురుపేజీ ఇంగ్లిష్ ఉంటే, తెలుగు పేజీలో ‘ఎట్టా తెలిసింది’ ఆడి, తర్వాత ఇంగ్లిష్ పేజీ తిప్పండి. కలపడం ఒక భాషలో అలవాటైతే రెండోదాంట్లో పని కాస్త తేలికవుతుంది. టీచరమ్మకి కూడా మీరు చేస్తున్నది చెప్పండి. ఆవిడ మీ పిల్లలో ఉన్న తేడా పట్టుకున్నారు, అక్షరం తప్పు పోవడం లేదు కదా అని ఊరుకోలేదు. అది చిన్న సంగతి కాదు.

ఎన్నాళ్ళకి మారుతుందని మీరు అడగలేదు గానీ అడగాలనుకుని ఉంటారు. ఇన్నాళ్ళని చెప్పలేను గానీ, ఏదో ఒక రోజు ‘పాఠంలో లేదు నాన్నా, కానీ...’ అంటుంది. ఆ ‘కానీ’ వినబడిన రోజు మీరేమీ అనకండి, వినండి.

ఆ తర్వాత నాకో ఉత్తరం రాయించండి, ఈసారి అమ్మాయి చేత. మీ చెరువులో పట్టుబడి రోజు ఎలా జరిగిందో పది వాక్యాలు. కౌంట్ ఎంతొచ్చిందో, డబ్బులెంతొచ్చాయో, మీరు సంతోషంగా ఉన్నారో లేదో మాత్రం రాయొద్దనండి. అవి నేను కనుక్కుంటాను. తప్పితే నాకు ఎర్రగీత కొట్టమనండి.